ఫరీదా ఉస్మాన్ ఈత ప్రయాణం: తిరుపతి అమ్మాయిలు, తల్లిదండ్రులు తరచుగా అడిగే ప్రశ్నలు

తిరుపతిలో ఎండాకాలం సెలవులు మొదలయ్యాయంటే ఆడపిల్లలకు ఈత నేర్పించాలని అడిగేవాళ్లు పెరుగుతారు. వాళ్లలో ముస్లిం కుటుంబాలు కూడా ఉంటాయి. అడిగినంత ఉత్సాహంగా చేరరు, చేరినవాళ్లు కూడా రెండేళ్లు దాటి ఉండరు. అందుకే పిల్లలకు నేను ఈజిప్టు స్విమ్మర్ ఫరీదా ఉస్మాన్ గురించి చెబుతుంటాను. విన్నాక పిల్లలు, అమ్మలు, అప్పుడప్పుడు నానమ్మలు కూడా అడిగే ప్రశ్నలు, వాటికి నా జవాబులు ఇవి.

ఎవరీ ఫరీదా ఉస్మాన్?

ఈజిప్టు స్విమ్మర్. తల్లిదండ్రులు ఈజిప్షియన్లు. ఫరీదా 1995 జనవరి 18న అమెరికాలోని ఇండియానాపోలిస్‌లో పుట్టింది, పెరిగింది మాత్రం కైరోలో. ఈదేది బటర్‌ఫ్లై, ఫ్రీస్టైల్, అదీ చిన్న దూరాలు. లండన్ (2012), రియో (2016), టోక్యో ఒలింపిక్స్‌లో ఈజిప్టు తరఫున దిగింది. 2017 ప్రపంచ చాంపియన్‌షిప్‌లో 50 మీటర్ల బటర్‌ఫ్లైలో కాంస్యం గెలిచింది. 50 మీటర్ల కొలనులో జరిగే ప్రపంచ చాంపియన్‌షిప్‌లో ఈజిప్టుకు ఈతలో వచ్చిన మొదటి పతకం అదే. మగవాళ్లకు కూడా అంతకుముందు రాలేదు.

ఒలింపిక్ పతకం లేదు కదా మేడం, మరి అంత గొప్పేముంది?

మగపిల్లల నాన్నలు ఎక్కువగా అడుగుతారు ఇది. 2017 జూలై 29న బుడాపెస్ట్‌లో ఏం జరిగిందో వింటే జవాబు దొరుకుతుంది.

ఫైనల్లో ఎనిమిది మంది. స్వీడన్‌కు చెందిన సారా హోస్ట్రామ్ 24.60 సెకన్లలో మొదట ముగించింది. అదే సాయంత్రం 50 మీటర్ల ఫ్రీస్టైల్ సెమీఫైనల్లో ప్రపంచ రికార్డు కొట్టిన మనిషి ఆమె. నెదర్లాండ్స్ స్విమ్మర్ రనోమి క్రోమోవిడ్జోజో 25.38తో రెండో స్థానం. ఆమె లండన్ ఒలింపిక్స్‌లో రెండు వ్యక్తిగత స్వర్ణాలు గెలుచుకుని వచ్చింది. ఫరీదా 25.39. రజతానికీ కాంస్యానికీ తేడా సెకనులో నూరోవంతు. ఆ వేగంలో లెక్కేస్తే రెండు సెంటీమీటర్లు, అంటే చిటికెన వేలిలో సగం కూడా లేదు.

స్వీడన్, నెదర్లాండ్స్ ఈతలో తరతరాలుగా చాంపియన్లను తయారు చేసిన దేశాలు. ఈజిప్టుకు అలాంటి చరిత్ర లేదు. అక్కడి నుంచి వచ్చిన అమ్మాయి వాళ్ల పక్క లేన్‌లో, వాళ్ల వేగంతో ఈదింది. ఒకసారి గెలిస్తే అదృష్టం అనేవాళ్లుంటారు. రెండేళ్ల తర్వాత 2019లో కొరియాలోని గ్వాంగ్జులో అదే పోటీ, అదే ముగ్గురు, అదే వరుస: హోస్ట్రామ్ 25.02, క్రోమోవిడ్జోజో 25.35, ఫరీదా 25.47. ఇక అదృష్టమనే మాట నేను ఒప్పుకోను.

50 మీటర్ల బటర్‌ఫ్లై ఒలింపిక్స్‌లో ఎందుకు లేదు?

ప్రపంచ చాంపియన్‌షిప్‌లో 2001 నుంచి ఉంది. ఒలింపిక్స్‌లో మాత్రం ఇన్నాళ్లూ 100, 200 మీటర్ల బటర్‌ఫ్లై మాత్రమే పెట్టారు. ఫరీదాకు బాగా పట్టున్న పోటీ ఒలింపిక్ జాబితాలోనే లేదన్నమాట. అక్కడ ఆమె 100 మీటర్ల బటర్‌ఫ్లై, 50 మీటర్ల ఫ్రీస్టైల్ లాంటివి ఈదాల్సి వచ్చింది. 2028 లాస్ ఏంజెలిస్ ఒలింపిక్స్ నుంచి 50 మీటర్ల బటర్‌ఫ్లై, బ్యాక్‌స్ట్రోక్, బ్రెస్ట్‌స్ట్రోక్ కూడా చేరుస్తున్నారు. ఈ నిర్ణయం పదేళ్ల ముందే వచ్చి ఉంటే ఆమె పేరు మన ఊళ్లో కూడా అందరికీ తెలిసేదని నా నమ్మకం.

బటర్‌ఫ్లై అంత కష్టమా?

చాలా కష్టం. రెండు చేతులూ ఒకేసారి నీటి మీద నుంచి ముందుకు రావాలి. రెండు కాళ్లూ కలిపి డాల్ఫిన్ తోకలా కొట్టాలి. చివర్లో రెండు చేతులతో ఒకేసారి గోడ తాకకపోతే డిస్‌క్వాలిఫై. దూకిన తర్వాత నీటి అడుగున 15 మీటర్ల వరకే పోవచ్చు, ఆలోపు తల పైకి తేలాలి. 50 మీటర్లంటే కొలనులో ఒక్క పొడవు. మలుపు లేదు, తప్పు దిద్దుకునే టైమ్ లేదు. దూకడం దగ్గర కాస్త ఆలస్యమైనా, గోడ తాకే ముందు చేతుల లెక్క తప్పినా పతకం పోతుంది. అందుకే ఈ ఈతగాళ్లు దూకడాన్నీ, ఆఖరి ఐదు మీటర్లనూ విడిగా, వందలసార్లు సాధన చేస్తారు.

ఆమె ఎట్లా మొదలుపెట్టింది? చిన్నప్పట్నుంచే టాలెంటా?

ఐదేళ్లప్పుడు, అన్న ఈతకు వెళ్తుంటే తనూ వెళ్లింది. అంతే. మన ఇళ్లలో కూడా చాలామంది చెల్లెళ్లు అట్లాగే మొదలుపెడతారు. తేడా ఆ తర్వాత వస్తుంది. 12 ఏళ్ల వయసులో 2007 పాన్ అరబ్ క్రీడల్లో ఈజిప్టు తరఫున ఈదింది. 2011లో పెరూ రాజధాని లీమాలో ప్రపంచ జూనియర్ చాంపియన్‌షిప్‌లో 50 మీటర్ల బటర్‌ఫ్లై స్వర్ణం గెలిచింది. అప్పటికి 16 ఏళ్లు. మరుసటి ఏడు లండన్ ఒలింపిక్స్. 2013 బార్సిలోనా, 2015 కజాన్ ప్రపంచ చాంపియన్‌షిప్‌లలో 50 మీటర్ల బటర్‌ఫ్లై ఫైనల్ చేరింది, పతకం దొరకలేదు. 2017లో దొరికింది.

ఈ వరుస ఒకసారి నిదానంగా చూడమని తల్లిదండ్రులను అడుగుతాను. ఐదేళ్లకు నీళ్లలో దిగిన పిల్లకు ప్రపంచ పతకం 22 ఏళ్లకు వచ్చింది. మధ్యలో 17 ఏళ్లు. ఆ 17 ఏళ్లలో 'ఇక చాలు' అని ఎవరూ ఆపలేదు. నా దృష్టిలో ఆమె కథలో అన్నిటికంటే పెద్ద సంగతి ఇదే.

అమెరికా వెళ్లి నేర్చుకుంది కదా. అది డబ్బున్నోళ్లకే సాధ్యం కాదా?

అమెరికా వెళ్లిన మాట నిజం. బర్క్లీలోని కాలిఫోర్నియా యూనివర్సిటీ జట్టులో చేరింది. 2015లో ఆ జట్టు అమెరికా యూనివర్సిటీల జాతీయ చాంపియన్‌షిప్ గెలిచింది. 2017లో ఫరీదా స్వయంగా అక్కడ 100 గజాల బటర్‌ఫ్లై చాంపియన్ అయింది. బుడాపెస్ట్ పతకం ఆ తర్వాత నాలుగు నెలలకు వచ్చింది.

కానీ గమనించండి, వెళ్లేటప్పటికే ఆమె ప్రపంచ జూనియర్ చాంపియన్, ఒలింపియన్. ఆ పునాది పడింది కైరో కొలనుల్లోనే. అమెరికా యూనివర్సిటీలు మంచి స్విమ్మర్లకు స్కాలర్‌షిప్ ఇస్తాయి, ఇతర దేశాల పిల్లలకు కూడా. చదువు, ఈత రెండూ ఒకే క్యాంపస్‌లో, ఒకే టైమ్‌టేబుల్‌లో సాగే ఏర్పాటు అక్కడ ఉంది. మన దగ్గర ఇంటర్‌లోకి రాగానే ఎంపీసీ, బైపీసీ కోచింగ్ అంటూ పొద్దున ఆరింటికి పిల్లను బస్సెక్కిస్తాం, రాత్రికి తీసుకొస్తాం. ఈతకు ఆ రెండేళ్లు పోతే తిరిగి పట్టుకోవడం చాలా కష్టం. డబ్బు సమస్య ఉంది, కాదనను. నేను చూసినంతలో మన దగ్గర ఆడపిల్లల ఈత డబ్బు కంటే ముందు టైమ్ దగ్గరే ఆగిపోతోంది.

ఆమెకు ముందు ముస్లిం ఆడవాళ్లు ఎవరూ ఈతలో లేరా?

ఉన్నారు, అదీ చాలామంది. ఈజిప్టులోనే 1974లో అబ్లా ఖైరీ అనే అమ్మాయి 13 ఏళ్ల వయసులో ఇంగ్లిష్ చానెల్ ఈదింది. రానియా ఎల్వానీ 14 ఏళ్లకే 1992 బార్సిలోనా ఒలింపిక్స్‌కు వెళ్లింది. తర్వాత అట్లాంటా, సిడ్నీ కూడా. ఆటతో పాటు మెడిసిన్ చదివి డాక్టరైంది. 2004లో అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ అథ్లెట్స్ కమిషన్‌కు ఎన్నికైంది. డాక్టర్ కావాలంటే ఆట మానాలి అనేవాళ్లకు నేను రానియా పేరు చెబుతాను.

మన పక్క దేశం పాకిస్తాన్ నుంచి ఒలింపిక్స్‌లో ఈదిన మొదటి మహిళ లాహోర్ అమ్మాయి రుబాబ్ రజా. 2004 ఏథెన్స్ నాటికి ఆమెకు 13 ఏళ్లు. తర్వాత 2008లో కిరణ్ ఖాన్. ఆ తర్వాత కూడా దాదాపు ప్రతి ఒలింపిక్స్‌కూ అక్కడి నుంచి ఒక అమ్మాయి వెళ్తూనే ఉంది. ఒకరు దారి తెరిస్తే తర్వాతివాళ్లకు అది మామూలు సంగతి అవుతుంది.

బోటులో వస్తూ సముద్రంలో దూకి అందర్నీ కాపాడిన అమ్మాయి ఈమేనా?

కాదు. ఆమె సిరియాకు చెందిన యుస్రా మర్దినీ. 2015లో యుద్ధం నుంచి తప్పించుకుని టర్కీ తీరం నుంచి గ్రీసు ద్వీపం లెస్‌బోస్‌కు వెళ్తుంటే నడిసముద్రంలో బోటు ఇంజిన్ ఆగిపోయింది. ఆరేడు మంది పట్టే బోటులో దాదాపు 20 మంది ఉన్నారు. యుస్రా, అక్క సారా, మరికొందరు నీళ్లలోకి దిగి గంటల తరబడి దాన్ని పట్టుకుని ఒడ్డుకు చేర్చారు. మరుసటి ఏడు రియోలో శరణార్థుల ఒలింపిక్ జట్టు తరఫున 100 మీటర్ల బటర్‌ఫ్లై ఈదింది, తన హీట్‌లో (తొలి దశ పోటీలో) మొదట వచ్చింది. 2017లో ఐక్యరాజ్యసమితి శరణార్థుల సంస్థ ఆమెను గుడ్‌విల్ అంబాసిడర్‌ను చేసింది. ఇద్దరి కథలూ పిల్లలకు చెప్పండి.

డ్రెస్ సంగతేంటి ఆపా? మా ఇంట్లో అసలు గొడవంతా దానిమీదే.

ఇది ఒక్క ముస్లిం ఇళ్ల గొడవ కాదు. మా దగ్గరికి వచ్చే హిందూ, క్రైస్తవ కుటుంబాల్లో కూడా ఇదే మాట వినిపిస్తుంది. కాబట్టి కాస్త వివరంగా చెబుతాను.

ఫరీదా వేసుకునేది అందరు స్విమ్మర్లూ వేసుకునే మామూలు రేసింగ్ సూట్. అది ఆమె నిర్ణయం. ఒళ్లు కప్పుకోవాలనుకునే అమ్మాయిలూ ఉంటారు. అది వాళ్ల నిర్ణయం, దాన్ని కూడా అంతే గౌరవించాలి.

నేర్చుకునే దశలో అసలు ఇబ్బంది లేదు. నైలాన్, పాలిస్టర్ కలిసిన సాగే గుడ్డతో మెడ నుంచి చీలమండ దాకా ఉండే స్విమ్‌సూట్లు ఇప్పుడు సులువుగా దొరుకుతున్నాయి. తల కప్పే బుర్కినీని 2004లో ఆస్ట్రేలియాలో అహెదా జనెట్టి అనే ముస్లిం మహిళే రూపొందించింది. కాటన్ చుడీదార్‌తో, చున్నీతో మాత్రం పిల్లను నీళ్లలోకి దించకండి. కాటన్ నీళ్లు పీల్చి బరువెక్కుతుంది, కాళ్లకు చుట్టుకుంటుంది. తిరుమల పుష్కరిణిలో ఆడవాళ్లు చీరతోనే మునుగుతారు, ఎవరూ తప్పు పట్టరు. మెట్ల దగ్గర మునగడానికి అది సరిపోతుంది. లోతు నీళ్లలో ఈదడానికి ప్రమాదం.

చిక్కు పెద్ద పోటీల దగ్గర వస్తుంది. 2010 నుంచి అంతర్జాతీయ నియమం ప్రకారం ఆడవాళ్ల సూట్ మెడను కప్పకూడదు, భుజాలు దాటకూడదు, మోకాళ్ల కిందికి రాకూడదు. ఈ నియమం మతం కోసం పెట్టింది కాదు. 2009 రోమ్ ప్రపంచ చాంపియన్‌షిప్‌లో పాలీయూరెథేన్ అనే ప్లాస్టిక్ రకం సూట్లు మనిషిని నీటిపై తేల్చేసి 43 ప్రపంచ రికార్డులు పడగొట్టాయి. దాంతో ఆ సూట్లను నిషేధించి, గుడ్డ సూట్లే ఉండాలన్నారు, పొడవు కూడా కుదించారు. అంతకుముందు ఒళ్లంతా కప్పే సూట్లు మామూలే. ఆస్ట్రేలియా స్విమ్మర్ ఇయన్ థోర్ప్ సిడ్నీ ఒలింపిక్స్‌లో అలాంటి నల్ల సూట్‌తోనే మూడు స్వర్ణాలు గెలిచాడు.

నా అభిప్రాయం సూటిగా చెబుతాను. తేలికపరిచే మెటీరియల్‌ను నిషేధించడం న్యాయమే. మామూలు గుడ్డతో చేతులు, కాళ్లు కప్పుకుంటే ఎవరికీ అదనపు లాభం రాదు, నిజానికి వేగం కాస్త తగ్గుతుంది. ఆ నష్టానికి సిద్ధపడి ఈదుతానన్న అమ్మాయిని ఆపాల్సిన అవసరం లేదు. నియమాలు మారవని కూడా అనుకోకండి. ఒత్తైన ఉంగరాల జుట్టుకు సరిపడే పెద్ద క్యాప్‌ను 2021లో తిరస్కరించి, 2022లో ఒప్పుకున్నారు.

ఇస్లాంలో ఆడపిల్లలు ఈదొచ్చా?

నేను మత పండితురాలిని కాను. ఫత్వా కావాలంటే మీ ఆలిమ్‌ను అడగండి. పిల్లలకు ఈత, విలువిద్య, గుర్రపుస్వారీ నేర్పండన్నది ఖలీఫా ఉమర్ మాటగా ముస్లిం ఇళ్లలో తరచూ చెప్పుకుంటారు. ప్రవక్తతో బీబీ ఆయిషా పరుగు పందెం వేసిన సంగతి హదీసుల్లో ఉంది. మా దగ్గరికి వచ్చే అమ్మీలు చాలామంది ఈత వద్దు అనరు. మగవాళ్లు లేని టైమ్ ఉందా, లేడీ కోచ్ ఉందా, బట్టలు మార్చుకునే గదికి గొళ్లెం ఉందా అని అడుగుతారు. న్యాయమైన ప్రశ్నలు. ఆ మూడూ ఉంటే పిల్లలు వస్తారు, లేకపోతే రారు. రోజుకు ఒక గంట ఆడపిల్లలకే కేటాయించమని మన ఊళ్లో ఏ కొలను నడిపేవాళ్లనైనా తల్లిదండ్రులు పదిమంది కలిసి వెళ్లి అడగాలి. ఒక్కరే అడిగితే చూద్దాంలే అంటారు.

రంజాన్‌లో ప్రాక్టీస్ ఎట్లా?

2012 లండన్ ఒలింపిక్స్ సరిగ్గా రంజాన్ నెలలోనే జరిగాయి. ప్రయాణంలో ఉన్నవాళ్లు, జబ్బుపడ్డవాళ్లు ఉపవాసాన్ని తర్వాతి రోజుల్లో పూర్తి చేసుకోవచ్చని ఖురాన్‌లోనే ఉంది. పెద్ద పోటీలకు వెళ్లే ముస్లిం క్రీడాకారుల్లో కొందరు ఆ వెసులుబాటు వాడుకుంటారు, కొందరు రోజా (ఉపవాసం) ఉండే ఆడతారు. మన పిల్లల విషయంలో నేను చెప్పేది: రోజా ఉన్న రోజు ఎండలో ఈత వద్దు. ఇఫ్తార్ అయ్యాక గంటన్నర ఆగి తేలికపాటి ప్రాక్టీస్ చాలు. ఆ నెల వేగం గురించి టెన్షన్ పడొద్దు, స్ట్రోక్ (చేతులు, కాళ్లు ఆడించే తీరు) సరిగా పడుతోందో లేదో చూసుకుంటే సరి.

మా అమ్మాయికి పన్నెండు నిండాయి. ఇక మాన్పించమని ఇంట్లో పెద్దవాళ్లు అంటున్నారు. ఏం చేయాలి?

నన్ను ఎక్కువ బాధపెట్టే ప్రశ్న ఇదే. చక్కగా ఈదే పిల్ల ఒకరోజు రావడం మానేస్తుంది. ఫోన్ చేస్తే 'పెద్దదయింది కదా మేడం' అంటారు. ఏ మతమైనా, ఏ కులమైనా ఇదే మాట.

ఫరీదా ఈజిప్టు తరఫున పాన్ అరబ్ క్రీడల్లో ఈదింది పన్నెండో ఏటే. రుబాబ్ ఒలింపిక్స్‌కు వెళ్లింది పదమూడో ఏట, రానియా పద్నాలుగో ఏట. మనం మాన్పించే వయసులోనే వాళ్లు దేశం తరఫున దిగారు. శరీరం బలపడేది, స్ట్రోక్‌లో పొడవు వచ్చేది ఆ వయసులోనే. ఆరేడేళ్లు పడ్డ కష్టమంతా ఫలితం ఇవ్వడం మొదలయ్యే చోట ఆపేస్తున్నాం.

పెద్దవాళ్లతో వాదన పెట్టుకోకండి, కొలను దగ్గరికి తీసుకురండి. నానమ్మను గట్టున కూర్చోబెట్టి మనవరాలు ఈదడం చూపించండి. ఒకసారి చూశాక మనసు మార్చుకున్న నానమ్మలు నాకు తెలుసు. టైమ్ మార్చాలంటే మార్చుకుందాం, డ్రెస్ మార్చాలంటే మార్చుకుందాం, అమ్మ కూడా వచ్చి కూర్చోవచ్చు. ఈత మాత్రం ఆపకండి.

నెలసరి, క్లోరిన్‌కు జుట్టు ఊడటం, ఒళ్లు నల్లబడటం... వీటి సంగతి?

నెలసరిలో టాంపన్, మెన్‌స్ట్రువల్ కప్ వాడేవాళ్లు ఈదొచ్చు. వద్దనుకుంటే ఆ రోజుల్లో నేల మీద వ్యాయామాలు చేయించొచ్చు. జుట్టుకు దిగే ముందు మంచినీళ్లు పోసి, కాస్త కొబ్బరినూనె రాసి క్యాప్ పెట్టుకోవాలి, వచ్చాక వెంటనే తలస్నానం. రంగు విషయంలో నా దగ్గర జవాబు లేదు, ఎందుకంటే అది సమస్యే కాదు.

మేము కపిల బావుల్లో బెండు కట్టుకుని నేర్చుకున్నాం. కొలను, కోచ్ అవసరమా?

చిత్తూరు పల్లెల్లో పెరిగిన నాన్నలు ఇది గర్వంగా చెబుతారు, ఆ గర్వం న్యాయమైనదే. మునగకుండా తేలడం, భయం పోవడం బావిలోనే బాగా వస్తాయి. కానీ ఆ బావుల్లో చాలావరకు ఎండిపోయాయి. ఉన్నవాటికి మెట్లు విరిగి, గట్టు జారి ఉన్నాయి. పైగా ఆ బావుల్లోకి మీరు దిగారు సరే, మీ చెల్లెళ్లు దిగారా? పోటీ ఈతకు లేన్ కావాలి, గడియారం కావాలి, స్ట్రోక్ తప్పును బయటి నుంచి చూసి చెప్పే మనిషి కావాలి.

ఏ వయసులో చేర్చాలి? పోటీలకు ఎట్లా పంపాలి?

ఐదారేళ్లకు మొదలుపెడితే మంచిది. పదేళ్లు దాటినా ఆలస్యం కాదు, ప్రాణరక్షణకైతే ఏ వయసైనా సరే, అమ్మలు కూడా చేరొచ్చు. మొదటి ఏడాది పోటీ మాట ఎత్తకండి. నాలుగు స్ట్రోక్‌లూ (ఫ్రీస్టైల్, బ్యాక్‌స్ట్రోక్, బ్రెస్ట్‌స్ట్రోక్, బటర్‌ఫ్లై) వచ్చాక స్కూల్ పీఈటీని కలవండి. స్కూల్ గేమ్స్ ఫెడరేషన్ పోటీలు అండర్-14, అండర్-17, అండర్-19 విభాగాల్లో జరుగుతాయి. జిల్లా ఎంపికలు, ఆ తర్వాత రాష్ట్రం, ఆ తర్వాత జాతీయ స్థాయి. ఎంపికలకు వయసు ధ్రువపత్రం, స్టడీ సర్టిఫికెట్, ఆధార్ ముందే సిద్ధంగా పెట్టుకోండి. కాగితం లేక వెనక్కి వచ్చిన పిల్లలున్నారు. ఒళ్లు కప్పే సూట్‌తో ఈదాలనుకుంటే, ఆ పోటీలో దానికి అనుమతి ఉందో లేదో ఎంట్రీ ఫారం ఇచ్చేటప్పుడే నిర్వాహకులను రాతపూర్వకంగా అడగండి. జవాబు కూడా రాతలోనే తీసుకోండి.